మంగతాయారు పక్క స్థలం

రైన్ నదిని మొట్టమొదటిసారి చూసినవాళ్లు సాధారణంగా ఫోటో తీసుకుంటారు. మా సుభద్ర పిన్ని ఒడ్డున చతికిలబడి, చిటికెడు మట్టి తీసి, వేళ్ల మధ్య నలిపి, వాసన చూసింది. ఆ తర్వాత కొలోన్ నగరాన్నీ, మబ్బుల్ని పొడుస్తున్న జంట గోపురాల చర్చినీ, వంతెన మీద వరసకట్టిన రైళ్లనీ ఒక్క చూపుతో పక్కకి నెట్టేసి, "ఒండ్రు లేదురా సత్తిబాబూ. ఏం చూసుకుని ఇంతమంది దీని పక్కన కాపరం ఉంటన్నారు?" అంది. దగ్గర్లో బెంచీ మీద కూర్చున్న ముసలి జర్మన్ దంపతులు ఆవిడ ఏదో ప్రార్థన చేసుకుంటోందనుకుని భక్తిగా తలలు వంచారు.

నదుల విషయంలో మా పిన్నిది సుప్రీంకోర్టు తీర్పు. ఆవిడ పుట్టింది గోదావరిలో ఒక లంక, మెట్టింది ఇంకో లంక. నాలుగు వైపులా నీళ్లు లేని భూమి మీద ఆవిడ గడిపిన కాలమంతా కలిపినా ఒక పెళ్లి, రెండు పుష్కరాలు మించదు. అలాంటి మనిషి మూడు నెలలు మమ్మల్ని చూసి పోదామని వచ్చింది. ఆవిడ దిగిన కొన్నాళ్లకే కరోనా కూడా దిగింది. విమానాలు ఆగిపోయాయి. అవి మళ్లీ ఎగిరేసరికి అక్కడ లంక మీదకి గోదారి ఎగిరింది. ఆ నీళ్లు తీసేసరికి ఇక్కడ వీసా పొడిగింపుకి టెర్మిన్, అంటే ఆఫీసువాళ్ల అపాయింట్‌మెంటు, దొరకలేదు. టెర్మిన్ దొరికేసరికి మళ్లీ లాక్‌డౌన్ పెట్టారు. అలా మా రెండో అంతస్తు ఫ్లాట్‌లో పిన్ని చలికాలమంతా ఉండిపోయింది. ఆవిడతో పాటు, ఎక్కడో మడత పెట్టి మరిచిపోయిన నా చిన్నతనం కూడా వచ్చి వంటింట్లో పీట వేసుకు కూర్చుంది.

నేను పెరిగింది పిన్ని దగ్గరే. మా అమ్మకి ఏజెన్సీ ఊళ్లో టీచరు ఉద్యోగం, నాన్న లారీల వెంట దేశాటనం. నన్ను లంకలో దింపి ఇద్దరూ హాయిగా ఊపిరి పీల్చుకున్నారు. మా లంక ఎంత చిన్నదంటే, పటం మీద ఈగ వాలితే రాజధానితో సహా దేశం మొత్తం కనపడకుండా పోయేది. అయినా అది స్వతంత్ర దేశమే. నౌకాదళం ఒకే పడవ. ఆ పడవ నడిపే అప్పన్న నౌకాధిపతి, విదేశాంగ మంత్రి, తపాలా శాఖ, మధ్యాహ్నం పూట మాత్రం నిద్రపోతున్న మనిషి. ఎగుమతులు కొబ్బరికాయలు, అరటిగెలలు, పుకార్లు. దిగుమతులు కిరసనాయిలు, అల్లుళ్లు. పొద్దున్నే కొబ్బరి డొక్కల పొగ, పక్కనే మరుగుతున్న ఉలవల వాసన, వాటి కింద ఎప్పుడూ తడిగా ఉండే మట్టి వాసన. ఈ మూడూ కలిసి ఎక్కడైనా తగిలితే, వోల్ఫ్స్‌బర్గ్ కార్ల ఫ్యాక్టరీ గేటు ముందైనా సరే, నేను కళ్లు మూసుకుని చెప్పులు విప్పేస్తాను.

మా బాబాయి పేపరు చదవడం ఎరగడు. పుల్ల చదివేవాడు. వానాకాలంలో పొద్దున్నే వెళ్లి నీటి అంచున ఒక పుల్ల గుచ్చి, పళ్లు తోముకుంటూ దాని ముందు గంటసేపు నిలబడేవాడు. పుల్ల మునిగితే ముఖ్యవార్త. నీళ్లు ఎర్రగా మారితే ప్రత్యేక సంచిక. ఇంటికొచ్చి "ఎర్రనీరు దిగింది" అని ఒక్కమాట అనేవాడు. ఆ మాటతో మా ఇంట్లో ఉన్న సమస్త చరాచర సృష్టీ పైకి లేచేది. బియ్యం బస్తా, ఆవకాయ జాడీలు, కోళ్లు, పెళ్లినాటి పట్టుచీర, తాతయ్య, ఆ వరసలోనే అటక ఎక్కేవి. ఒకసారి తాతయ్య తనని కోళ్ల తర్వాత ఎక్కించినందుకు అలిగి అన్నం మానేశాడు. "మీకు ఈదడం వచ్చు కదా మావయ్యా" అని పిన్ని ఆయన్ని ఓదార్చింది.

ఇక మంగతాయారు. మా పక్కిల్లు ఆవిడది. ఆవిడకీ పిన్నికీ మధ్య ఒక కర్రల కంచె ఉండేది. ప్రతి ఏడూ వరద దాన్ని సమూలంగా ఎత్తుకుపోయేది. నీళ్లు తీశాక పైన కొత్త ఒండ్రు పేరుకుని, దేవుడు అప్పుడే చేసి ఆరబెట్టినట్టు నేలంతా చదునుగా ఉండేది. ఆ కొత్త నేల మీదకి అటునుంచి మంగతాయారు, ఇటునుంచి పిన్ని, చెరొక కట్ట కర్రలతో దిగేవారు. "నీ కంచె నిరుడు ఆ తాడి మొద్దు కాడుంది" అని ఒకరు, "ఆ మొద్దే నిరుడు అక్కడ లేదు" అని ఇంకొకరు. బెత్తెడు నేల కోసం జరిగే ఆ యుద్ధం చూడ్డానికి పక్క లంకల నుంచి పడవలు కట్టించుకుని వచ్చేవారంటే మీరు నమ్మరు. నేనూ పూర్తిగా నమ్మను. కానీ బఠాణీలమ్మేవాడు వచ్చిన మాట మాత్రం నిజం.

చిత్రం ఏమిటంటే, వరద రోజుల్లో మంగతాయారు మా అటక మీదే ఉండేది. వాళ్లది చెదపట్టిన అటక. ఇద్దరూ వీపులు ఆనించుకుని కూర్చునేవారు గానీ మాట్లాడుకునేవారు కాదు. "సత్తిబాబూ, ఆవిడగారికి ఉప్పు కావాలేమో కనుక్కో" అనేది పిన్ని. "అక్కర్లేదని చెప్పు, కూరలో ఇప్పటికే సముద్రం ఉంది" అనేది మంగతాయారు. జెనీవాలో కూర్చుని జీతం తీసుకునే దౌత్యవేత్తలెవరూ నేను ఆ అటక మీద చేసినంత చాకిరీ చేసి ఉండరు.

ఇలాంటి పెంపకంలో అరవై దాటిన పిన్నిని ఒకరోజు బియ్యం బస్తా తెద్దామని మా బిల్డింగు కెల్లర్‌లోకి తీసుకెళ్లాను. కెల్లర్ అంటే ఇంటి కింద నేలమాళిగ. జర్మనీలో ప్రతి ఫ్లాటుకీ అక్కడొక చెక్క పంజరం ఉంటుంది. ఈ దేశపు ప్రజలు తమకి ప్రియమైనవన్నీ అందులో దాస్తారు. పిల్లలు మంచు మీద జారే మంచుబండ్లు, సైకిళ్లు, జాము సీసాలు, క్రిస్మస్ బొమ్మలు, చచ్చిపోయిన తాతల రేడియోలు. పిన్ని ఆ పంజరాల మధ్య నిలబడి ఒక్కొక్కటీ చూసింది. "నది పక్కన ఊరు" అంది. "ఊళ్లో ఇల్లు. ఇంటి కింద గొయ్యి. గోతిలో సామాను. వీళ్లకి పెద్దోళ్లు ఎవరూ చెప్పలేదేంట్రా?"

ఆ వారమే ఎగువన మంచు కరిగి, వానలు కూడా తోడై రైన్ పొంగింది. నది పక్కన నడిచే దారి మునిగింది. మేం కూర్చునే బెంచీల వీపులు మాత్రమే కనపడుతున్నాయి. మామూలుగా అయితే కొలోన్‌వాళ్లు దాన్ని తీరిగ్గా వచ్చి చూసి, తల ఊపి, ఇంటికెళ్లి సూప్ తాగుతారు. పిన్ని మట్టుకు ఇంటికొచ్చి కొంగు బిగించింది. నేను ఆఫీసు వీడియో మీటింగులో ఉండగా మా కెల్లర్ మొత్తం పైకి వచ్చేసింది. అంతటితో ఆగితే ఆవిడ పిన్ని ఎందుకవుతుంది? కింది అంతస్తులో ఒంటరిగా ఉండే ముసలావిడ ఫ్రౌ వేబర్ తలుపు తట్టి, మాస్కు సర్దుకుని, వేలితో కిందకి చూపించి, రెండు చేతులతో ఒక మహాప్రళయాన్ని అభినయించి, వేలితో పైకి చూపించింది. ఒక్క జర్మన్ ముక్క రాదు ఆవిడకి. ఫ్రౌ వేబర్ పుట్టింది ఆ ఇంట్లోనే. చిన్నప్పుడు మెట్ల దాకా నీళ్లొచ్చిన సంగతి గుర్తుండి ఉండాలి. మారుమాట్లాడకుండా తాళంచెవి తెచ్చింది.

సాయంత్రానికి మా హాల్లో రెండు మంచుబండ్లు, ఒక కుట్టుమిషను, గోడ కట్టినట్టు రేగుపండు రంగులో మెరిసే ప్లమ్ జాము సీసాలు. మా ఆవిడ సుజాత వాటి మధ్యలోంచి పక్కవాటంగా నడుచుకుంటూ, "అత్తయ్యా, ఇది ఇల్లా, పడవా?" అంది. పిన్ని మా బాబాయి పద్ధతిలో కిటికీ దగ్గర కాపలా కాసింది. తీరా చూస్తే రైన్ చాలా మర్యాదస్తురాలైన నది. మా వీధి మొగదాకా కూడా రాకుండా, ఇబ్బంది పెట్టినందుకు మన్నించమన్నట్టు వెనక్కి వెళ్లిపోయింది. పిన్నికి తలకొట్టేసినట్టయింది. "చుట్టం వత్తానని రాకపోతే వండిందంతా ఏం చేత్తాం" అని జాము సీసాలని చూసి నిట్టూర్చింది. సామాను మాత్రం వెంటనే కిందకి దింపనివ్వలేదు.

అదే వారంలో మా అమ్మాయి నీహ ఏడుపు మొహంతో గదిలోంచి బయటికొచ్చింది. స్కూలు అప్పటికి మళ్లీ కంప్యూటర్లోకి మారింది. క్లాసులో వాతావరణ మహాసభ ఆడుతున్నారు. పిల్లలు ఒక్కొక్కరూ ఒక్కో దేశం. దీనికి జపాన్ కావాలి. టీచరు చీటీ తీస్తే మార్షల్ దీవులు వచ్చాయి. "పప్పా, దస్ ఇస్ట్ సో అన్‌ఫెయిర్. పసిఫిక్ మధ్యలో ఒక థ్రెడ్ లాగ ఉంటుంది అది. ఈ పక్క సీ, ఆ పక్క సీ, మధ్యలో ఒక రోడ్డు. సీ పెరుగుతోందంట, బావుల్లోకి సాల్ట్ వాటర్ వచ్చేస్తోందంట. కోకోనట్స్ తప్ప ఏం లేవు" అని విసుక్కుంది. వెల్లుల్లిపాయలు ఒలుస్తున్న పిన్ని తలెత్తింది. "కొబ్బరిచెట్లున్నాయా? ఇంకేంటే నీకు లోటు?" అంది.

అడిగింది నవ్వుతూనే గానీ, ఆ రోజుల్లో పిన్ని కొబ్బరిచెట్ల లెక్క వేరుగా ఉంది. వరద తీసినా లంక గట్టు కోత ఆగలేదు. ఆ కబురు రోజూ మోసుకొచ్చేది ఎవరనుకున్నారు? మంగతాయారే. లంక మొత్తానికి మంచి ఫోను ఆవిడ దగ్గరే ఉంది. మాకు కాఫీల వేళకి వీడియోలో ప్రత్యక్షమయ్యేది.

"ఏమే సుభద్రా, తిన్నావా? నీ తూరుపు కొబ్బరిచెట్టు ఇయాల పడిపోయింది" అనేది, కోడలికి మగపిల్లాడు పుట్టాడని చెబుతున్న గొంతుతో.

"చూశాన్లే. నీ పాకకీ గట్టుకీ ఎంత దూరముందో అది చూపించు" అనేది పిన్ని.

"ఇక్కడ సిగ్నల్ సరిగ్గా లేదు" అని మంగతాయారు ఫోను పెట్టేసేది.

ఫోను ఆగాక పిన్ని చల్లారిన కాఫీ మళ్లీ వెచ్చబెట్టుకునేది. "ఇదివరకు గోదారి చెప్పి వచ్చేదిరా" అంది ఒకసారి. "ఆషాఢంలో ఎర్రనీరు పంపేది, ముందు కబురెట్టినట్టు. ఇప్పుడు ఎప్పుడొత్తదో ఎప్పుడెల్తదో దానికే తెలవట్లేదు. మీ బాబాయి ఉంటే ఏ పుల్ల చదివేవాడో మరి."

తర్వాత పెద్ద కబురు వచ్చింది. లంకలో మిగిలిన ఇళ్లవాళ్లకి ఒడ్డున, హైవే వైపు, సర్కారు ఇంటి స్థలాలు ఇస్తుందట. ఒకే చోట కాదు. కొందరికి ఈ ఊరి చివర, కొందరికి ఆ ఊరి చివర. ఎవరికి ఎక్కడో చీట్లు తీస్తారట. ఒప్పుకున్నవాళ్లు చెప్పాలి. చెప్పనివాళ్లకి స్థలం ఉండదు, ఇల్లు ఎలాగూ గోదారిది. "నీకు ఏ మూలొత్తదో నాకు ఏ మూలొత్తదో. మొత్తానికి పీడా వదిలిపోద్ది" అంది మంగతాయారు. ఆ రోజు ఆవిడ గొంతులో మగపిల్లాడు పుట్టలేదు.

పిన్ని అవుననలేదు, కాదనలేదు. సుజాత చెప్పి చూసింది: "తీసుకోండత్తయ్యా. పడిపోయే గోడ పట్టుకుని వేలాడతామా?" నేను ఇంజినీరుని కాబట్టి తెల్ల కాగితం మీద బొమ్మగీసి, నదీగర్భం, కోత, నష్టభయం అని ఒక ఉపన్యాసం ఇచ్చాను. పిన్ని ఓపిగ్గా విని, "బొమ్మ బాగుంది" అంది. అన్నం సగంలో లేచిపోయేది. మిగతా సగం నేను తినేవాణ్ని. నా పొట్ట మీద ఆ బెంగ ఇప్పటికీ కనిపిస్తుంది.

మహాసభ రోజు నీహ హాల్లో కూర్చుని కంప్యూటర్ తెరిచింది. వెనకాల ఫ్రౌ వేబర్ గారి మంచుబండ్లు, పైకప్పు దాకా సామాను. టీచరు చూసి, ముంపు దేశాన్ని ఇంత శ్రద్ధగా అలంకరించిన ప్రతినిధి ఇంకెవరూ లేరని మెచ్చుకుంది. నీహ ఏ జంకూ లేకుండా ఆ మెప్పు పుచ్చుకుంది. అచ్చం నా పోలిక. నేను తలుపు పక్కన, పిన్ని సోఫాలో వెల్లుల్లి ఒలుస్తూ, కెమెరాకి కనపడకుండా. మార్షల్ దీవుల గోడు విన్నాక, జర్మనీ అయిన యోనాస్ అనే కుర్రాడు మహా ఉదారంగా చెయ్యెత్తాడు. మా దగ్గర బోలెడు రాష్ట్రాలున్నాయి, ఒక్కో కుటుంబాన్ని ఒక్కో చోట పెడతాం, అందరికీ ఇళ్లు, సమస్య తీరింది, ఇక విరామం ఇవ్వండి అన్నాడు. దేశాలన్నీ చప్పట్లు కొట్టాయి.

"ఏవంటన్నాడే ఆ పిల్లోడు?" అంది పిన్ని.

నీహ మైకు ఆపి, "అందరికీ హౌసెస్ ఇస్తాడంట మామ్మా. ఒక్కో ఫ్యామిలీకి ఒక్కో ఊళ్లో" అంది.

పిన్ని చేతిలో వెల్లుల్లిరెబ్బ ఆగింది. "చీట్లు తీత్తాడా?"

"అలాంటిదే."

"అయితే అడుగు. పోట్లాడుకోడానికి నాకు ఎవర్ని ఇత్తాడో అడుగు."

"వాస్? ఏంటి?" అంది నీహ.

"ఇల్లు ఇత్తాడు, మంచోడే. పొద్దున్నే తలుపు తీత్తే ఎదురుగా ఎవరు? నేను కొత్త కోడలిగా వచ్చినప్పుడు పడవ దిగుతా జారి, పట్టుచీరతో గోదాట్లో పడ్డాను. మంగతాయారు చూసింది. ఇన్నేళ్లూ కనపడ్డోళ్లందరికీ చెప్పి చెప్పి నవ్వింది. ఇప్పుడు దానికో ఊరు, నాకో ఊరు ఇత్తే, నేను పడ్డానని ఎవరికి తెలుత్తది? అసలు నేను అక్కడ ఉన్నానని ఎవరు చెప్తారు?" పిన్ని వెల్లుల్లి ఘాటు అన్నట్టు ముక్కు తుడుచుకుంది.

నీహ ఒక్క నిమిషం పిన్నిని చూసింది. మైకు తెరిచి, మార్షల్ దీవుల తరఫున ఒక సవరణ ప్రతిపాదించింది. వెళ్లాల్సి వస్తే అందరం ఒకే చోటికి వెళ్తాం, ఇప్పుడు ఎవరి పక్కన ఎవరున్నారో అక్కడా అదే వరసలో, శత్రువులతో సహా.

శత్రువులు తప్పనిసరా అని ఫ్రాన్స్ అడిగింది. మా తమ్ముణ్ని వదిలి వెళ్లొచ్చా అని బ్రెజిల్ అడిగింది. యోనాస్ బుగ్గకి చెయ్యి పెట్టుకుని ఆలోచించి, నేను ఇల్లు మారాల్సి వస్తే ఎమిల్ పక్కింట్లో ఉండాలి, నా బూట్లలో పెరుగు పోసింది వాడే, వాణ్ని చూసి ఎన్ని నెలలైందో అన్నాడు. అమెరికా అయిన ఎమిల్ వెంటనే మైకు తెరిచి, అది పెరుగు కాదు, క్వార్క్ అని సరిదిద్దాడు. క్వార్క్ అంటే పెరుగుకి జర్మన్ పెదనాన్న, ఇంకా గట్టిగా ఉంటుంది. ఇక ఆగలేదు. ఇళ్లలో బందీలైన ఆ పిల్లలందరూ తమ జుట్టు లాగినవాళ్లనీ, పెన్సిళ్లు కాజేసినవాళ్లనీ పేరుపేరునా కావాలని అడిగారు. సవరణ నెగ్గింది. నెట్ పోయిన కెనడా తప్ప అందరూ చెయ్యెత్తారు.

పిన్ని లేచి, చేతులు కడుక్కుని, జీవితంలో మొదటిసారి తనంతట తానే మంగతాయారుకి ఫోను చేసింది.

"ఎవరు పోయారే?" అంది మంగతాయారు కంగారుగా.

"ఎవరూ పోలేదు. స్థలం తీసుకుంటానని చెప్పు. చీటీ మాత్రం తియ్యను. లంకలో వరస ఎలాగుందో అక్కడా అలాగే ఇమ్మను. అలా ఇవ్వకపోతే నాకొద్దు, గోదారినే తీసుకెళ్లమను."

అటువైపు మంగతాయారు అరుస్తున్న కోళ్లని అదిలించింది. "అంటే నీ పక్కన నేనా?"

"ఆయ్. నా ఖర్మ."

"నీ ఖర్మేటే, నా ఖర్మ. సరే, అందర్నీ పోగేసి రేపు ఎమ్మార్వో ఆఫీసుకి ఎల్తాను. నీకోసమని మురిసిపోకు. నా మేక నీ పెరడుకి అలవాటు పడిపోయింది, ఇంకోచోట మెయ్యదు."

ఆఫీసులో ఏం జరిగిందో మంగతాయారు చెప్పినట్టు రాస్తే ఒక పర్వం అవుతుంది. క్లుప్తంగా చెప్పాలంటే, లంక జనమంతా వెళ్లి కూర్చున్నారు. మాట వినకపోతే ఆవిడ మాస్కు తీసి మాట్లాడతానంది. ఒక పూట తీసి మాట్లాడింది కూడా. కొన్నాళ్లకి ఒకేచోట, ఒకే వరసలో ఇచ్చారు. ఆ కబురు విన్న రోజు పిన్ని కంచంలో మెతుకు మిగల్చలేదు. నాకు పస్తు.

పిన్ని విమానం ఎక్కాక నేను నా సంగతి లెక్క చూసుకున్నాను. వోల్ఫ్స్‌బర్గ్‌లో ఉన్నాను, ఉంటర్‌ఫ్యోరింగ్‌లో ఉన్నాను, ఇప్పుడు కొలోన్. వెళ్లిన ప్రతిచోటా ముందు ఆన్‌మెల్డుంగ్ చేయించుకుని, నేను ఫలానా ఇంట్లో ఉన్నానని సర్కారుకి చెప్పుకున్నాను. సర్కారు నమ్మింది. అంతకు మించి ఎవరూ పట్టించుకోలేదు. వోల్ఫ్స్‌బర్గ్‌లో పక్కింటాయన నా కుక్కరు కూత మీద యుద్ధం ప్రకటించాడు. అప్పట్లో ఆయన్ని వదిలించుకున్నానని పండగ చేసుకున్నాను. ఇప్పుడనిపిస్తుంది, దాన్ని ఎన్నో కూతకి ఆపుతానో కూడా తెలిసిన మనిషిని, సామానుతో పాటు లారీలో ఎక్కించుకుని రావలసింది. ఈమధ్య ఫ్రౌ వేబర్ తన జాము సీసాల్లో ఒకటి తగ్గిందనీ, తిన్నది నేనేననీ మెట్ల మీద అందరికీ చెబుతోంది. నిజమే. కానీ ఒప్పుకోను. ఇన్నేళ్లకి దొరికిన సంబంధం చెడగొట్టుకుంటానా?

ప్రయాణాలు సుళువయ్యాక నీహని తీసుకుని వెళ్లాను. లంకలో సగం గోదారిలో ఉంది. మిగతా సగంలో ఇళ్లు లేవు, అరటి వేశారు. మేం ఒడ్డునే హైవే మీద బస్సెక్కాం. పెట్రోలు బంకు దాటగానే, నది కనుచూపు మేరలో లేని ఎర్రమట్టి మలుపు దగ్గర బస్సు ఆగింది. "లంక, లంక, లంకోళ్లు దిగండి" అని అరిచాడు కండక్టరు. సర్కారు ఆ కాలనీకి ఏదో నంబరు పెట్టింది గానీ అది ఎవరి నోటా వినపడలేదు. కొత్త రేకుల ఇళ్లు ఒకే వరసలో. ధూళి. ఎండ. నీహ దిగి చుట్టూ చూసి, చేతిలో పటం అటూ ఇటూ తిప్పి, కండక్టరుని నిలదీసింది. "లంక అంటే ఐలాండ్ కదా అంకుల్. మరి నీళ్లెక్కడ?"

కండక్టరు ఈల నోట్లోంచి తీసి, వరస చివరకి చూపించాడు. "అదిగో, ఆ చివర కుళాయి ఉందమ్మా. ఇద్దరు పెద్దమ్మలు బిందెలట్టుకుని కొట్టుకుంటా ఉంటారు. మధ్యలోంచి దూరి పట్టుకో."